తరానె అలీదూస్తీ: ఇరాను వెండితెరపై ఇరువదేండ్లు

తల్లి గతింపగా, తండ్రి చెరసాలయందుండగా, ముదుసలి అవ్వ చెంత పెరుగుచు, తొందరపాటున పెండ్లియాడి, విడాకులు పొంది, ఇతరులు వలదన్నను వినక బిడ్డను కని, ఆ బిడ్డకు తండ్రిపేరు సాధించుటకై న్యాయస్థానమెక్కిన బాలిక కథను రసూల్ సద్రామెలీ 2002లో ‘నేను తరానె, పదునైదేండ్లదానను’ అను పేర చిత్రముగా తీసినపుడు, ఆ పాత్రను ధరించిన కన్యక పేరును తరానెయే. 1984లో టెహరాను నగరమున జన్మించిన తరానె అలీదూస్తీ, ఇరాను జాతీయజట్టున ఫుట్‌బాల్ ఆడిన హమీద్ అలీదూస్తీ కుమార్తె. ఆ తొలిచిత్రముతోడనే ఆమె ఫజ్ర్ చలనచిత్రోత్సవమున స్ఫటిక సీముర్గ్ బహుమానమును, స్విట్జర్లాండునందలి లొకార్నోలో ఉత్తమనటి పురస్కారమును గైకొనినది.

చిన్నతనమున లభించిన కీర్తి పెక్కురు నటులను ఒకే మూసలో బిగించివేయును. ఈమెకట్టి గతి పట్టకుండుటకు దర్శకుడు అస్గర్ ఫర్హాదీ సాహచర్యమే ప్రధానకారణమని నా విశ్వాసము. ఆయన తీసిన నాలుగు చిత్రములలో ఈమె నటించినది. 2006 నాటి ‘చహార్షంబె సూరి’లో, ఇరానీయుల నూతన సంవత్సరమగు నౌరోజునకు ముందటి కడపటి బుధవారపు పూర్వదినమున, పెండ్లి నిశ్చయమైన రూహీ యను యువతి ఒక యింట శుభ్రపరచు పనికిఁ బోయి, అక్కడ విచ్ఛిన్నమగుచున్న దాంపత్యమును కన్నులార చూచును.

2009 నాటి ‘ఎల్లీ గురించి’ చిత్రము మరింత గంభీరము. కాస్పియన్ తీరమునకు మిత్రబృందముతో విహారమునకు వచ్చిన ఎల్లీ యను శిశుపాఠశాల ఉపాధ్యాయిని గాలిపటమునెగురవేయుచు, నవ్వుచు, ఇసుకపై పరుగిడిన కొలది నిమిషములకే కానరాకపోవును. అటుపిమ్మట ఆమె శీలమును గూర్చి, ఆమె దాచిన నిశ్చితార్థమును గూర్చి, తమ పరువు కాపాడుకొనుటకై తక్కినవారు అల్లు అసత్యములే కథయగును. తెరపై లేకయే చిత్రార్ధమునంతయు నిండించుట సామాన్య శిల్పము కాదు. ఆ పరుగునందు తరానె ముఖమున విరిసిన స్వేచ్ఛ మన మనస్సున నాటుకొననిచో, తరువాతి అసత్యములు మనల నింత బాధింపవు.

2016 నాటి ‘విక్రేత’లో స్వగృహముననే దౌర్జన్యమునకు గురియైన రానా, పగకై పరితపించు భర్తను నివారింపజూచు భార్య. ఆ చిత్రము ఆస్కారు పోటీలో నుండగా, ఇరానీయుల ప్రవేశమును అమెరికా నిషేధింపబూనినందుకు నిరసనగా తానా యుత్సవమునకు రానని తరానె ప్రకటించినది. చిత్రము బహుమానము పొందినది.

2022లో, వేరొక దర్శకుడు తీసిన ‘లైలా సోదరులు’ చిత్రమున, కుటుంబభారమునంతయు మోయు లైలా చివరకు తండ్రి చెంపపై కొట్టును. పితృభక్తిని పరమధర్మముగా నెంచు సమాజమున ఆ దృశ్యమును అభినయించుటకు ఎంత ధైర్యము వలయునో తెలుగు పాఠకులకు వేరుగ చెప్పనక్కరలేదు. ఆ సంవత్సరమే, శిరోవస్త్రమును సరిగా ధరింపలేదని నిర్బంధింపబడిన యువతి మహసా అమీనీ మరణానంతరము స్త్రీలు వీధులకెక్కగా, తరానె శిరోవస్త్రము లేని తన ఛాయాచిత్రమును, ‘స్త్రీ, జీవము, స్వాతంత్ర్యము’ అను కుర్దు నినాదముతో ప్రకటించి, దేశము విడిచిపోనని, నటన నిలిపివైచి బాధితకుటుంబముల పక్షమున నిలుతునని చాటినది. ఆందోళనకారునకు విధించిన ఉరిని నిరసించిన పిమ్మట, డిసెంబరు 17న ఆమెను నిర్బంధించి ఎవిన్ కారాగారమునకు గొనిపోయిరి. 2023 జనవరి 4న జామీనుపై విడుదలయై, అనాచ్ఛాదితశిరస్కయై, ఆమె తన మిత్రులను కలిసికొన్నది.