నాలుక చేపలు (సైనోగ్లోసిడే కుటుంబం)

చదును చేపల్లో రెండు కళ్లూ ఎడమ పక్కనే ఉండి, ఒళ్లు నాలుకలా సాగి తోక దగ్గర సన్నబడే చేపల కుటుంబం ఇది. సైనోగ్లోసస్, పారాప్లగూసియా, సింఫ్యూరస్ అనే మూడు ప్రజాతుల్లో 140కి పైగా జాతులను లెక్కిస్తున్నారు. కొత్తవి చేరుతున్నందున ఈ సంఖ్య స్థిరం కాదు. గ్రీకులో సైనోగ్లోసస్ అంటే కుక్క నాలుక. 1822లో హామిల్టన్ గంగానది చేపల గ్రంథంలో ఈ ప్రజాతిని ఏర్పరచాడు.

ఉప్మాక వెంకన్న కొండకు తూర్పున, నక్కపల్లి మండలం సముద్రంలో ముగిసే చోటు మొదలు అటు విశాఖ, ఇటు కాకినాడ దాకా ఉన్న తీరం ఈ కుటుంబ చరిత్రలో చిన్నదేమీ కాదు. విశాఖలో కొన్నేళ్లు గడిపిన ప్యాట్రిక్ రస్సెల్ (జననం 1726 అనీ, 1727 అనీ రాస్తారు; పాత, కొత్త పంచాంగాల తేడాయే కారణం కావచ్చు) అక్కడ సేకరించిన 200 చేపల వర్ణనలు, బొమ్మలు 1803లో రెండు సంపుటాలుగా వెలువడ్డాయి. చాలా చేపలకు ఆయన అక్కడి తెలుగు పేర్లే వాడాడు. అందులో ‘జెర్రీ పోతూ’ అని ఇంగ్లీషు అక్షరాల్లో ఉన్నది మన జెర్రిపోతే అయి ఉండాలి. పాముకున్న పేరు చేపకు రావడం వింతేమీ కాదు. ఇసుక మీద నాలుక చేప ఒళ్లంతా అలలా కదిలిస్తూ పోతుంది. అయితే రస్సెల్ ఆ పేరును ఒకటికి మించిన చేపలకు వాడాడు, వాటిలో కళ్లు కుడి పక్కన ఉండే సోల్ చేపలూ ఉన్నట్టున్నాయి. 1829లో కువియే పెట్టిన ‘పోటస్’ అనే జాతి పేరుకు ఈ ‘పోతూ’యే మూలమని భావిస్తారు.

చేపను చేతిలోకి తీసుకుంటే కుటుంబ లక్షణాలు వెంటనే తెలుస్తాయి. సైనోగ్లోసస్, పారాప్లగూసియాల్లో ముట్టె కొక్కెంలా వంగి కింది దవడను కప్పేస్తుంది. కళ్లు చిన్నవి, దగ్గర దగ్గరగా ఉంటాయి. వీపు, తోక, కింది వాజాలు విడివిడిగా కాక ఒకే అంచులా కలిసిపోతాయి. పెద్ద చేపకు రొమ్ము వాజాలు ఉండవు. పారాప్లగూసియాలో పెదవుల అంచున కుచ్చుల్లాంటి పోగులు వేలాడతాయి. మిగతా రెండు ప్రజాతుల్లో ఇవి లేవు. సైనోగ్లోసస్‌లో జాతిని తేల్చేది మాత్రం ఎక్కువగా ఒంటి పొడవునా సాగే పార్శ్వ రేఖలే. అందుకే తిరగేసి చూడాలి: బైలినియేటస్‌కు కళ్ల వైపు రెండు, తెల్లని గుడ్డి వైపు రెండు రేఖలుంటాయి, ఆరెల్, లింగ్వా జాతులకు గుడ్డి వైపు ఏ రేఖా ఉండదు. ఈ చివరి రెంటినీ పొలుసుల పరిమాణంతో విడదీస్తారు, ఆరెల్ పొలుసులు పెద్దవి.

గుడ్లు నీటిలో తేలుతాయి. పిల్ల పుట్టుకతో చదును కాదు. తలకు చెరో పక్కా ఒక్కో కన్నుతో మామూలు చేపలాగే ఈదుతుంది. తర్వాత కుడి కన్ను ఎడమ పక్కకు జరుగుతుంది. థైరాయిడ్ హార్మోను నడిపే ఈ మార్పు పూర్తయ్యాక చేప అడుగుకు దిగి, ఇసుకలోనో బురదలోనో ఒదిగి పాలీకీట్ పురుగులు, చిన్న రొయ్య జాతి జీవులు తింటుంది. లోతు నీటి సింఫ్యూరస్‌లో ఒక జాతి (2008లో వర్ణించిన థర్మోఫిలస్) పసిఫిక్ అడుగున వేడినీటి ఊటల దగ్గర గుంపులుగా బతుకుతుంది. చైనాలో పెంచే సైనోగ్లోసస్ సెమిలీవిస్ జాతి జన్యుపటం 2014లో వెలువడింది. ఆ జాతిలో వెచ్చని నీటిలో పెరిగిన జన్యుపరమైన ఆడపిల్లల్లో కొన్ని మగవిగా మారతాయి.

మన దేశంలో ఎక్కువ పరిశోధన జరిగింది పడమటి తీరపు మలబారు సోల్ అనే నాలుక చేప మీద. జి. శేషప్ప, బి.ఎస్. భీమాచార్ 1950లలో దాని పొలుసుల మీది వలయాలతో వయసు లెక్కగట్టే ప్రయత్నం చేశారు; నైరుతి వానల కాలంలో మేత కరువై వలయం పడుతుందన్నది వారి వివరణ. వారు దాన్ని సెమిఫాసియేటస్ అన్నారు. 1977లో ఎ.జి.కె. మేనన్ సైనోగ్లోసస్ ప్రజాతి మీద సమగ్ర గ్రంథం వెలువరించాక మలబారు చేపను మాక్రోస్టోమస్‌గా గుర్తించడం స్థిరపడింది. ఈ వ్యాసం ఆ గుర్తింపునే అనుసరిస్తుంది. కాబట్టి వారి పాత పత్రాల్లో సెమిఫాసియేటస్ పేరిట ఉన్నవి మలబారు చేప వివరాలే, వాటిని తూర్పు తీరానికి నేరుగా అన్వయించకూడదు.

తూర్పు తీరంలో నాలుక చేపల కోసమే పెద్ద వేట అంటూ లేదు. రొయ్యల కోసం లాగే ట్రాల్ వలల్లో తక్కిన చేపలతో కలిసి పడతాయి. మరబోట్లకు ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం ఉంటుంది. వండేముందు చాలామంది తోలు ఒలిచేస్తారు. దానితోపాటే పార్శ్వ రేఖలూ పోతాయి.

రస్సెల్ తర్వాత ఈ తీరపు చేపల పేర్లను వేటగాళ్ల నోటి నుంచి అంత శ్రద్ధగా రాసుకున్నవారు తక్కువ. రేవులో నాలుక చేప కొనేవారు తోలు ఒలిపించేముందు ఒక్కసారి తిరగేసి రేఖలు లెక్కపెట్టి, అమ్మే మనిషి దాన్ని ఏమని పిలుస్తున్నారో అడిగి, ఊరి పేరుతో సహా రాసి ఉంచాలని మనవి.