ఒక జాతీయభాష పుట్టుక

జాతీయభాష యనగానే మనకు మొదట తోచునది సంఖ్య. ఏ భాష నెక్కువమంది మాటలాడుదురో అదియే దేశభాష కావలెనని యొకరు, ఏ భాషలో ప్రాచీనవాఙ్మయము మిక్కుటముగ నున్నదో దానికే యా గౌరవము చెల్లవలెనని మరియొకరు వాదింతురు. ఈ రెండు వాదములకును లొంగని దేశమొకటి మన తూర్పుసముద్రమున కావలి గట్టున నున్నది. అది యిండొనీషియా. అచ్చట నెక్కువమంది మాటలాడు భాషయు, గొప్ప ప్రాచీనవాఙ్మయము గల భాషయు నొక్కటియే. అది జావా భాష. అయినను ఆ దేశీయులు దానిని కాదని మలయా భాషను జాతీయభాషగ స్వీకరించిరి. ఇట్లేల జరిగెనో తెలిసికొనుట మనకును ప్రయోజనకరమని తలంచి, ఆ చరిత్రను సంగ్రహముగ విన్నవింపబూనితిమి.

ఇండొనీషియా 17 వేలకు పైబడిన దీవుల సముదాయము. అందు 700లకు మించిన భాషలున్నవి. 1930వ సంవత్సరపు జనాభాలెక్కలలో అచ్చటి జనులు సుమారు 6 కోట్లు. వారిలో జావా జాతివారు దాదాపు సగము. మలయా భాష మాతృభాషగ గలవారు వారితో పోల్చిన మిక్కిలి కొలదిమంది. కాని మలక్కా జలసంధి గుండ రాకపోకలు సలుపు వర్తకులందరికి అనేక శతాబ్దములుగ మలయాయే యుమ్మడి భాష. చీనావాడు, అరబ్బు, గుజరాతీ, మన తీరపు వస్త్రములను గొనిపోవు వ్యాపారి, అందరును ఆ భాషలోనే బేరమాడిరి.

1602లో స్థాపింపబడి, మన మచిలీపట్నమునను వర్తకస్థానము నెలకొల్పుకొనిన డచ్చి కంపెనీయే ఆ దీవులలో క్రమముగ రాజ్యాధికారమును సంపాదించెను. డచ్చివారు తమ భాషను దేశీయులలో కొలదిమందికే నేర్పిరి. తక్కినవారితో వ్యవహారము మలయాలోనే జరిపిరి. 1901లో రోమను లిపిలో దానికొక వర్ణక్రమమును నిర్ణయించిరి. 1917లో 'బాలై పుస్తక' యను ప్రచురణశాలను నెలకొల్పి చవుక పుస్తకములను ప్రకటించిరి. పాలకులు తమ సౌకర్యమునకై వేసిన యీ బాట పాలితులకు రాజమార్గమగునని వారూహింపలేదు.

ఇక జావా భాష సంగతి. దాని చిక్కంతయు దాని మర్యాదలోనే యున్నది. పెద్దలతో మాటలాడునపుడొక తీరు పలుకులు, చిన్నలతో మాటలాడునపుడు వేరొక తీరు పలుకులు వాడవలయును. క్రింది మెట్టును 'న్గోకో' యనియు, పై మెట్టును 'క్రమ' యనియు పిలుతురు. ఈ రెండవది మన సంస్కృతశబ్దమే. తినుట యను నొక్క పనికే సామాన్యముగ 'మంగన్', వినయముగ 'నెద', గొప్పవారి విషయమున 'దహర్' అని మూడు మాటలున్నవి. మనకును తినుట, భుజించుట, ఆరగించుట యను భేదములు లేకపోలేదు. కాని మనకది కొలది మాటలతో ముగియును. వారికి వాక్యమందలి పెక్కు పదములు మారిపోవును. ఎదుటివాని యంతస్తు తెలియనిదే నోరు తెరచుట కష్టము.

ఈ మర్యాద యింటిలో నెట్లుండెడిదో కార్తిని (1879–1904) యను విదుషి లేఖలవలన తెలియుచున్నది. ఆమె జెపారా మండలాధికారి కుమార్తె. స్త్రీవిద్యకై పరితపించిన పుణ్యాత్మురాలు. 1899లో ఒక డచ్చి స్నేహితురాలికి వ్రాసిన లేఖలో ఆమె తమ యింటి యాచారమును వర్ణించెను. తమ్ముడు గాని చెల్లెలు గాని తన యెదుటినుండి పోవలసివచ్చిన నేలపై ప్రాకిపోవలెనట. కుర్చీపై కూర్చున్న చెల్లెలు అక్క వచ్చుట చూచి వెంటనే నేలకు దిగి, ఆమె కనుమరుగగువరకు తలవంచుకొని యుండవలెనట. పలుకరింపదలచిన పై మెట్టు భాషలోనే పలుకరింపవలెనట. తన చెల్లెండ్ర విషయమున ఆమె యీ యాచారమును త్రోసివైచెను. తోబుట్టువుల నడుమనే యింత యెడముండగా, అధికారికిని రైతునకును, యజమానునకును సేవకునకును నడుమ నెంత యెడముండెనో మా చదువరులే యూహించుకొందురు గాక.

జావావారిలోనే కొందరికి దీనిపై రోత పుట్టెను. 1917లో సురబాయ నగరమున 'జావా దీపా' యను నుద్యమము బయలుదేరెను. అందరును అందరితోడను న్గోకో పలుకులనే వాడవలెననియు, బిరుదులు విడువవలెననియు దాని యాశయము. కాని తరతరముల యలవాటు సభాతీర్మానములకు లొంగలేదు. లోపలినుండి సంస్కరింపరాని దానిని వెలుపలినుండి దాటిపోవు త్రోవ మలయా చూపెను. మలయాలోను రాజసభల మర్యాదలు లేకపోలేదు. కాని రేవులలోను అంగళ్లలోను పెరిగిన మలయాలో, ఎదుటివాని తాతతండ్రుల నెరుగకయే మాటలాడవచ్చును. సమానత్వము కోరు యువకులకు ఆ గుణమే ప్రధానముగ తోచెను.

వాఙ్మయమును ఆ దారినే నడచెను. 1922లో బాలై పుస్తకవారు కార్తిని లేఖలను మలయాలోనికి పరివర్తింపజేసి ప్రకటించిరి. ఆ సంవత్సరముననే మారా రుస్లి వ్రాసిన 'సిత్తి నుర్బాయ' యను నవల వెలువడెను. తండ్రి ఋణము తీరుటకై ముసలి ధనికుని పెండ్లియాడవలసి వచ్చిన కన్య కథ యది. కన్యాశుల్కము చదివిన మన వారికి ఆ వేదన కొత్తది గాదు. గురజాడవారు వాడుకభాషను చేపట్టినట్లే అచ్చటి రచయితలును సంస్కరణమునకు పదిమందికి తెలిసిన భాషనే సాధనముగ గైకొనిరి.

1926లో బటేవియాలో జరిగిన ప్రథమ యువజన సభలో ఉమ్మడి భాషను గూర్చిన చర్చ సాగెను. ముహమ్మద్ యమీన్ మలయా పక్షమున వాదింపగా, దానిని ఇండొనీషియా భాష యని పిలువవలెనని తబ్రానీ పట్టుబట్టెను. 1928 అక్టోబరు 28వ తేదీన ద్వితీయ యువజన సభ చేసిన ప్రతిజ్ఞలో ఈ పేరే నిలిచెను. ఇండొనీషియా పుత్రులమును పుత్రికలమునగు మేము ఒక్క మాతృభూమిని, ఒక్క జాతిని అంగీకరించుచున్నామని మొదటి రెండు వాక్యముల సారము. మూడవ వాక్యము మాత్రము వేరు. ఒక్క భాషయే యున్నదని వారనలేదు. ఐక్యతాభాషయగు ఇండొనీషియా భాషను శిరమున దాల్తుమని మాత్రమే యనిరి. ఇంటి భాషల నెవ్వరును విడువనక్కరలేదని దీని తాత్పర్యము. ఆ ప్రతిజ్ఞలోని 'బాసా' మన భాషయే. 'బంగ్సా' మన వంశమే. పుత్రపుత్రికా శబ్దములు సరేసరి. ఆ సభకధ్యక్షుడు జావావాడు. సంఖ్యాబలము గలవారు తమ భాషకై పట్టుపట్టకుండుటయే ఈ కథలో ముఖ్యమైన త్యాగమని మా యభిప్రాయము.

తరువాతి చరిత్ర త్వరితముగ నడచెను. 1938లో సోలో నగరమున ప్రథమ భాషామహాసభ జరిగెను. 1942లో జపానువారు దేశము నాక్రమించి డచ్చి భాషను నిషేధింపగా, పాఠశాలలకును కార్యాలయములకును ఇండొనీషియా భాషయే శరణ్యమయ్యెను. పారిభాషికపదములకై యొక సంఘము నేర్పడెను. 1945 ఆగస్టు 17న స్వాతంత్ర్యము ప్రకటింపబడెను. మరునాడామోదింపబడిన రాజ్యాంగము 36వ అధికరణమున దానినే రాజ్యభాషగ నిర్ణయించెను. 1947లోను, 1972లోను వర్ణక్రమము సంస్కరింపబడెను.

ఇంతటితో నిలిపిన ఈ కథ స్తోత్రపాఠమగును. ఇష్టముతో స్వీకరించినపుడు కలిపిన భాషయే, బలవంతముగ రుద్దినపుడు విడదీసెను. 1960ల చివర నా ప్రభుత్వమే చీనా పాఠశాలలను మూయించి, ఆ భాష బహిరంగవ్యవహారమును నిర్బంధించెను. 2000వ సంవత్సరమున గాని యా నిర్బంధములు సడలలేదు. 1975లో సైన్యము తూర్పు తిమోరులో ప్రవేశించెను. అచ్చటి పాఠశాలలలో పోర్చుగీసును తొలగించి ఇండొనీషియా భాషను ప్రవేశపెట్టిరి. ఒక తరము బాలబాలికలు దానిలోనే చదివిరి. అయినను 1999లో ప్రజాభిప్రాయము నడిగినపుడు నూటికి 78 మందికి పైగా స్వాతంత్ర్యమునే కోరిరి. 2002లో అవతరించిన ఆ రాజ్యము తెతుమ్, పోర్చుగీసు భాషలను అధికారభాషలుగ నిర్ణయించుకొనెను. భాష నేర్చినంత మాత్రమున హృదయము కలియదని దీనివలన స్పష్టము.

మరియొక నష్టమును గలదు. ప్రాంతీయభాషలను గౌరవించి రక్షింతుమని రాజ్యాంగము వాగ్దానము చేసినను, పట్టణములలో పెక్కు కుటుంబముల పిల్లలు ఇంటి భాషను విడిచి జాతీయభాషకే యలవడుచున్నారు. మర్యాదల బరువుతో పాటు అవ్వల కథలును జారిపోవుచున్నవి. ఒకదానిని దించుకొనుటకై రెండవదానిని పారవేయనక్కరలేదు గదా!

ఈ చరిత్రవలన మాకు తోచిన దిది. జాతీయభాషను శాసనసభలు నిర్ణయింపవచ్చును. కాని అది నిజముగ జాతీయమగుట, ఎక్కువవాడు తక్కువవానికి చోటిచ్చుటపై నాధారపడియుండును. ఈ ధర్మము దేశములకే గాదు, ఇండ్లకును చెల్లును. వయసు చెల్లిన పనిమనిషిని మన పసిపిల్లలు 'నువ్వు' అనుచుండగా, ఆమె ఆ పిల్లలనే 'బాబుగారూ' యని పిలుచుట మన యిండ్లలో వినబడుచునే యున్నది. తన చెల్లెండ్రను నేలమీదినుండి లేపిన కార్తిని ఏ శాసనము కొరకును వేచియుండలేదు. మన పిల్లలచే ఆ ముసలామెను 'మీరు' అనిపించుటకు మనకు మాత్ర మేల శాసనము?