దేశాలు తిరిగిన మల్లుడు గోబర్ గుహ

గోబర్ గుహ పేరు ప్రస్తావనకు వచ్చినప్పుడల్లా ఒకే ఒక్క సంఘటన చెప్పి ఊరుకోవడం ఆనవాయితీ అయింది. 1921 ఆగస్టులో అమెరికాలోని శాన్‌ఫ్రాన్సిస్కో నగరంలో ఆయన ఆడ్ శాంటెల్ అనే మల్లుణ్ణి ఓడించి, లైట్ హెవీవెయిట్ తరగతిలో ప్రపంచ విజేత అనిపించుకున్నారు. ఆసియా ఖండం నుంచి వెళ్ళి ఆ బిరుదు గెలిచిన తొలి వ్యక్తిగా ఆయనను పేర్కొంటారు. గర్వించదగిన విషయమే. అయితే ఆ రాత్రికి ముందు సుమారు పదేళ్ళు, ఆ తరువాత మరో ఐదేళ్ళు ఆయన గడిపినది ఊరూరా తిరిగే వృత్తి మల్లుని జీవితం. ఎవరో కుదిర్చిన ఊరిలో, ఎవరో నిర్ణయించిన నియమాలకు లోబడి, టిక్కెట్టు కొని వచ్చిన జనం ముందు కుస్తీ పట్టడం, మరునాడు మళ్ళీ ప్రయాణం కట్టడం. బిరుదును గుర్తుపెట్టుకున్నవారు ఈ తిరుగుడును అంతగా పట్టించుకోలేదు.

ఆయన అసలు పేరు జతీంద్ర చరణ్ గుహ. 1892 మార్చి 13న కలకత్తాలో సంపన్న కుటుంబంలో జన్మించారు. గోబర్ అంటే పేడ. పసితనంలో బొద్దుగా, చలనం లేకుండా ఉన్న మనుమణ్ణి చూసి తాతగారు సరదాగా పెట్టిన ముద్దుపేరు అది. ఆ పేరే తరువాత పాశ్చాత్య దేశాల ప్రకటన పత్రాల మీద పెద్ద అక్షరాలలో అచ్చయింది. దాని అర్థం తెలియని ప్రేక్షకులు దానిని తూర్పుదేశపు గంభీర నామమనుకుని ఉంటే ఆశ్చర్యం లేదు!

ఆ తాతగారు అంబికాచరణ్ గుహ. అంబుబాబు అని ప్రసిద్ధులు. బెంగాలులో తాలింఖానాల సంప్రదాయాన్ని పాదుకొల్పినవారిలో అగ్రగణ్యులు. వివేకానందుడు సన్యాసి కాకమునుపు కుస్తీ నేర్చినది ఈ కుటుంబం వారి గోదాలోనే. చదువుకున్న మధ్యతరగతి, జమీందారీ కుటుంబాల యువకులు ఒంటికి మట్టి పూసుకోవడం ఆనాడు చిన్న విషయం కాదు. బెంగాలీలు దేహబలం లేనివారని, స్త్రీసహజమైన సౌకుమార్యం కలవారని మెకాలే 1841లో వ్రాసిన వాక్యాలు పాలకుల నోట సామెతలా నిలిచిపోయాయి. ఆ నిందకు దండీలతో, బస్కీలతో జవాబు చెప్పాలన్న పట్టుదల నుంచే ఆ గోదాలు పుట్టాయి. తాతగారు, ఆయన తరువాత పినతండ్రి క్షేత్రచరణ్, తండ్రి రామ్‌చరణ్ గోబర్‌కు తొలి గురువులు.

కుస్తీ నేర్చుకోవడం ఒక ఎత్తు, దానితో బతకడం మరొక ఎత్తు. పేరున్న పహిల్వాన్లను పోషించినవారు సంస్థానాధీశులు. దతియా, పటియాలా వంటి కొలువులు లేకపోతే మహామల్లుడు గామా జీవితమే వేరుగా ఉండేది. దేహబలాన్ని ప్రజలకు టిక్కెట్టు మీద చూపే మార్గం సర్కస్. తెలుగునాట కోడి రామమూర్తి నాయుడు పట్టినది ఆ దారి. మూడవ దారి సముద్రం దాటి పాశ్చాత్య మల్లుల నడుమ పందేలు కట్టడం. కలవారి బిడ్డడైన గోబర్‌కు పొట్టకూటి కోసం వీటిలో ఏ దారీ పట్టవలసిన అవసరం లేదు. అయినా మూడవ దారిని ఎన్నుకున్నారు.

1910 సంవత్సరం భారతీయ కుస్తీ చరిత్రలో ముఖ్యమైనది. కలకత్తాకు చెందిన శరత్ కుమార్ మిత్ర వ్యయంతో గామా, ఇమామ్ బక్ష్ తదితరులు లండన్ వెళ్ళినది ఆ ఏడే. గోబర్ తొలిసారి యూరప్ చూసినదీ అప్పుడే. 1912లో రెండవసారి వెళ్ళి మూడేళ్ళు ఉన్నారు. గ్లాస్గోలో జిమ్మీ క్యాంప్‌బెల్‌ను, 1913లో ఎడిన్‌బరోలో జిమ్మీ ఎస్సన్‌ను జయించడంతో బ్రిటన్‌లో ఆయనకు పేరు వచ్చింది. ఇంతలో మహాయుద్ధం మొదలయింది. 1915లో స్వదేశం చేరుకున్నారు.

ఈ విజయాల బరువు తెలియాలంటే రెండు గోదాల మధ్య భేదం తెలియాలి. మన గోదా మట్టిది. తవ్వి, గుల్ల చేసి, నూనె, పసుపు, మజ్జిగ వంటివి కలిపి మెత్తగా చేసిన మట్టి. దానిమీద నిలబడి పట్టే పట్లు వేరు. ఎదుటివాణ్ణి చాకలి బట్టను బండకేసి కొట్టినట్లు భుజం మీదుగా విసిరే ధోబీపాట్ వంటివి మెత్తని మట్టిని నమ్ముకున్న విద్యలు. వీపు నేలకు తగిలి చిత్తయితే పోటీ అక్కడితో సరి. పాశ్చాత్యుల కుస్తీ పరుపు మీద. అక్కడ చాలా పోటీలలో మూడింట రెండుసార్లు గెలవాలి. భుజాలు నేలకు అదిమిపట్టడమే కాక, కాలినో చేతినో మెలితిప్పి, నొప్పి భరించలేక ఓటమి ఒప్పుకొనేలా చేయడమూ గెలుపే. పాదం మెలిపెట్టే పట్టుతో ఫ్రాంక్ గాచ్, తలను బిగించే పట్టుతో ఎడ్ లూయిస్ జగత్ప్రసిద్ధులయ్యారు. మట్టిలో పెరిగిన మల్లుడు ఈ పరుపు మీద దాదాపు కొత్త విద్యార్థి. కింద పడిన తరువాత ఏమి చేయాలన్నది అతడు మళ్ళీ మొదటి నుంచి నేర్వాలి. గోబర్ అది నేర్చుకున్నారు. ఆయన ప్రతిభను కొలవడానికి బిరుదుకంటె ఇదే సరైన కొలబద్ద.

1920లో మూడవ యాత్ర మొదలైంది. 1926 వరకు సాగిన ఈ యాత్రలో ప్రధానభాగం అమెరికా. ఆ దేశం అప్పటికే 1917 చట్టంతో భారతదేశాన్ని నిషిద్ధ మండలంలో చేర్చి ఇక్కడి శ్రామికుల వలసకు తలుపులు మూసింది. 1923లో భగత్ సింగ్ థిండ్ వ్యాజ్యంలో సుప్రీంకోర్టు భారతీయులు పౌరసత్వానికి అర్హులు కారని తేల్చింది. ఇక్కడినుంచి వెళ్ళినవారు ఏ మతస్థులైనా అక్కడి పత్రికలకు అందరూ హిందువులే. అటువంటి గడ్డ మీద, గదర్ పార్టీకి కేంద్రమైన శాన్‌ఫ్రాన్సిస్కోలోనే, ఒక భారతీయుడు తెల్లజాతి విజేతను ఓడించాడు. ఓడినవాడు సామాన్యుడు కాడు. జర్మనీలో పుట్టిన శాంటెల్ అదే ఏడు మార్చిలో టోక్యో వెళ్ళి, యాసుకుని మందిర ప్రాంగణంలో జూడో యోధులతో తలపడి వచ్చినవాడు.

ఇంతవరకు చెప్పి ఆగితే చరిత్ర సగమే చెప్పినట్లు. వృత్తి కుస్తీ సరిగ్గా ఆ దశకంలోనే అమెరికాలో రూపం మార్చుకుంటున్నది. ఎడ్ లూయిస్, అతని వ్యవహర్త బిల్లీ శాండో, టూట్స్ మాంట్ కలిసి ఊరూరికీ ప్రదర్శనలు తిప్పే ఏర్పాటు చేశారు. ఎవరు గెలవాలో పోటీకి ముందే నిర్ణయమయ్యే రోజులు వచ్చాయి. 1925 జనవరిలో కుస్తీలో అనుభవం లేని ఫుట్‌బాల్ ఆటగాడు వేన్ మన్ చేతిలో లూయిస్ ఓడినది ఈ పద్ధతిలోనే. ఆ ఏప్రిల్‌లో ఫిలడెల్ఫియాలో స్టానిస్లాస్ జిబిస్కో ముందటి ఒప్పందాన్ని కాదని మన్‌ను నిజంగానే చిత్తుచేసి బిరుదు లాక్కున్నాడు. 1910లో లండన్‌లో గామాతో తలపడిన జిబిస్కోయే ఇతడు. గోబర్ తిరిగినది ఈ లోకంలోనే. ఇటువంటి వ్యవస్థలో బిరుదు ఒకరి సొంతం కాదు, వ్యాపారంలో చలామణి అయ్యే సరుకు. దూరదేశం నుంచి వచ్చిన ఒంటరి మల్లునికి ఆ వ్యాపారంలో వాటా లేదు. కనుక 1921 నాటి గెలుపును ఆకాశానికెత్తడం గాని, తరువాత అది చేయి జారడాన్ని పరాజయంగా లెక్కించడం గాని ఆ కాలపు పద్ధతి తెలియక చేసే పనులే. ఆ వ్యవస్థ నడుమ ఏళ్ళ తరబడి ఎముకలు విరగకుండా, అడిగేవారు ఉండగానే వెనుదిరిగి రావడం అంతకంటె అరుదైన సంగతి.

స్వదేశంలో ఆయనకు దొరికిన పెద్ద పోటీ 1929లో కలకత్తా పార్క్ సర్కస్ వద్ద చోటా గామాతో జరిగింది. అందులో గోబర్ ఓడిపోయారు. పరుపును జయించి వచ్చిన మనిషి సొంత ఊళ్ళో ఓడడం అభిమానులకు మింగుడుపడలేదు. ఆ ఫలితం గురించి వివాదం చాలాకాలం నడిచింది. ముప్పయ్యారేళ్ళు దాటిన దేహం, అంతకంటె చిన్నవాడైన ప్రత్యర్థి అన్న సంగతి వాదించుకున్నవారికి అంతగా పట్టలేదు.

1936లో తాలింఖానాను గోవాబగాన్ వీధికి మార్చి, 1944లో కుస్తీ నుంచి విరమించుకున్నారు. ఆ తరువాత కూడా శిక్షణ ఇవ్వడం మానలేదు. ఆయన వద్ద సాము నేర్చినవారిలో మల్లులు కానివారూ ఉన్నారు. ప్రఖ్యాత గాయకుడు మన్నా డే విద్యార్థిదశలో కుస్తీ పట్లు నేర్చినది గోబర్‌బాబు దగ్గరే. 1972 జనవరి 2న గోబర్ గుహ కలకత్తాలో కన్నుమూశారు.