‘రాముడు భీముడు’: కొరడా చేతులు మారిన కథ

కారంచేడులో రైతు కుటుంబంలో 1936లో పుట్టిన డి. రామానాయుడు 1964లో సురేష్ ప్రొడక్షన్స్ తొలి చిత్రంగా ‘రాముడు భీముడు’ తీశాడు. కథ గుంటూరు జిల్లావాడే అయిన డి.వి. నరసరాజుది. దర్శకుడు తాపీ చాణక్య. 1943లో తెనాలిలో అభ్యుదయ రచయితల తొలి మహాసభకు అధ్యక్షత వహించిన తాపీ ధర్మారావు కుమారుడాయన. భూస్వామి మీద రైతులు తిరగబడే ‘రోజులు మారాయి’ (1955) తీసినవాడు. ఇలాంటివారి చేతుల మీదుగా వచ్చిన సినిమాను వట్టి వినోదమని కొట్టిపారేయడం విమర్శ అనిపించుకోదు.

ఆస్తి ఉన్న పిరికి రాముడు బావ కొరడా దెబ్బలు తింటాడు. పల్లెటూరి మొండివాడు భీముడు అతని స్థానంలోకి వచ్చి అదే కొరడా అందుకుంటాడు. ఆ ఘట్టానికి హాల్లో పడ్డ ఈలల్లో పాలేళ్లవీ, పత్తి తీసే కూలీలవీ ఉండి ఉంటాయి. పెత్తందారు చేతిలోని కొరడా ఎదురు తిరగడం వాళ్లకు వినోదం మాత్రమే కాదు గదా!

అయితే ఆ చెయ్యి ఎవరిది? ఇక్కడే కథ మెలికపడుతుంది. మార్క్ ట్వేన్ 1881 నాటి నవలలో రాజకుమారుడికీ బిచ్చగాడి కొడుక్కీ పోలిక కేవలం యాదృచ్ఛికం. పేదవాడు పేదింటి బిడ్డగానే సింహాసనం మీద కూర్చుంటాడు. చిరుగుబట్టల్లో తిరిగిన రాకుమారుడు తన చట్టాలెంత క్రూరమైనవో కళ్లారా చూస్తాడు. ఆ నవల ఆధారంగా 1954లోనే ‘రాజు పేద’ వచ్చింది. పదేళ్ల తర్వాత మన రచయితలు పోలికకు కారణం వెతికారు: కవలలు! భీముడూ ఆ ఇంటి వారసుడే. అంటే కొరడా పట్టినవాడు పరాయివాడు కాడు, ఆస్తి గడప దాటలేదు. తమిళంలో (1965), హిందీలో (1967) చాణక్యే మళ్లీ తీసినా ఆ ముడి అలాగే ఉంచాడు. పాలేరు కొడుకు ఆ కొరడా ఎత్తి ఉంటే కథ ఏమయ్యేది? ఆ ప్రశ్న ‘రోజులు మారాయి’ దర్శకుడికి తట్టలేదనుకోను. మార్కెట్టు అడగనివ్వలేదేమో.

నిర్మాతకు అంటగట్టడానికి కాదు గాని, అదే కారంచేడు గురించి ఇంకొక మాట చెప్పక తప్పదు. తాము తాగే చెరువు నీటిని మురికి చేయవద్దన్నందుకు రేగిన తగాదాలో 1985 జూలై 17న అక్కడి మాదిగపల్లె మీద దాడి జరిగింది. ఆరుగురు చనిపోయారు. మిగిలినవారు ప్రాణాలు దక్కించుకుని చీరాల చేరారు. చాలామంది అక్కడే ఉండిపోయారు.