తీగ తెగిన చోట: పోకెమాన్ పాత గేమ్ బాయ్ నుంచి ఇప్పటిదాకా ఎలా దాటుకుంటూ వచ్చింది



మన హాస్టళ్లలో ఫోన్లో ఎమ్యులేటర్ వేసుకుని పోకెమాన్ ఆడని బ్యాచ్ ఉండదనుకుంటా. ఫైర్ రెడ్, ఎమరాల్డ్ పేర్లు చెప్తే చాలు, తమ్ముళ్లు టీమ్ మొత్తం చెప్పేస్తారు. ఫోన్ మారినప్పుడో, యాప్ మారినప్పుడో మాత్రం "అన్నా, నా సేవ్ ఎట్లా తెచ్చుకోవాలి?" అని అడుగుతారు. దానికి జవాబు చివర్లో రాశాను, తొందర ఉన్నవాళ్లు అక్కడికే పోండి. ఆ ప్రశ్న వెనక పెద్ద కథ ఉంది. పెంచుకున్న జీవిని పాత పెట్టె నుంచి కొత్త పెట్టెలోకి తీసుకెళ్లాలని ప్రపంచమంతా పిల్లలు ఇరవై ఏళ్లకు పైగా పడిన తిప్పల కథ అది.

ఈ ఆట తయారుచేసిన సతోషి తజిరి 1965లో పుట్టాడు. టోక్యో పక్కన మచిదా అనే చోట పెరిగాడు. చిన్నప్పుడు ఆయనకి పురుగులు పట్టడమే పని. మనం అగ్గిపెట్టెలో బంగారు పురుగుల్ని పెట్టుకున్నట్టే. ఆయన పెద్దయ్యేసరికి అక్కడి చెరువులు, పొలాలు పోయి ఇళ్లు, రోడ్లు వచ్చేశాయి. పురుగులు పట్టే ఆ సరదా తర్వాతి పిల్లలకి ఏదో రకంగా అందాలి అనుకున్నాడు. గేమ్ బాయ్‌లు రెండింటిని కలిపే తీగని చూస్తే ఆయనకి అందులోంచి పురుగులు ఇటు నుంచి అటు పాకుతున్నట్టు అనిపించిందట. అందుకే ఈ ఆటకి పోరాటం ఎంత ముఖ్యమో మార్పిడి కూడా అంతే ముఖ్యం. 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో రెడ్, గ్రీన్ అని రెండు కార్ట్రిడ్జ్‌లు ఒకేసారి వదిలారు. ఒకదాంట్లో దొరికే కొన్ని జీవులు రెండోదాంట్లో దొరకవు. సేకరణ నిండాలంటే ఇంకో మనిషి కావాలి, మధ్యలో తీగ కావాలి.

ఆ కార్ట్రిడ్జ్‌లో మన ఆట దాచుకునే చోటు మొత్తం 32 కిలోబైట్లు. ఇప్పుడు వాట్సాప్‌లో పంపుకునే ఒక ఫోటో కూడా అంతకన్నా పెద్దది. పైగా ఆ 32 కిలోబైట్లు బతికుండాలంటే లోపల గుండీ అంత బ్యాటరీ ఒకటి కరెంటు ఇస్తూనే ఉండాలి. బ్యాటరీ చచ్చిందంటే పేరు, టీమ్, బ్యాడ్జీలు అన్నీ పోతాయి. టీమ్‌లో ఉన్న ఒక్కో జీవికి దక్కిన జాగా 44 బైట్లు. దాని జాతి, అనుభవం, దాడులు, యజమాని ఐడీ నంబరు అన్నీ అందులోనే సర్దాలి.

1999 నవంబరులో గోల్డ్, సిల్వర్ వచ్చాయి. రెండో తరం. వాటిలో టైమ్ క్యాప్సూల్ అని ఒక గది పెట్టారు. అక్కడ తీగ కలిపితే పాత ఆట నుంచి కొత్త ఆటకి, కొత్తదాని నుంచి పాతదానికి కూడా జీవులు తిరగొచ్చు. పాత ఆటకి తెలియని జాతిగానీ దాడిగానీ ఉంటే మాత్రం గేటు దగ్గరే ఆపేస్తుంది. రెండు వైపులా దారి తెరిచి ఉండటం ఈ చరిత్రలో ఆ తర్వాత చాలా ఏళ్ల దాకా మళ్లీ జరగలేదు కాబట్టి ఆ గది గురించి కొంచెం ఆగి చెప్పాలి.

మొదటి తరం లెక్కలో ప్రతి జీవికీ "దీన్ని పట్టుకోవడం ఎంత తేలిక" అని ఒక అంకె ఉండేది. పట్టుకున్నాక దానితో పనే లేదు, ఊరికే పడి ఉండేది. రెండో తరంలో జీవులు చేతిలో వస్తువు పట్టుకోవచ్చు అన్నారు. ఆ వస్తువు అంకె ఎక్కడ పెట్టాలా అని చూసి సరిగ్గా ఆ పనికిరాని బైట్‌లోనే పెట్టారు. దాంతో ఎల్లో ఆటలో మన వెంట నడిచే పికాచు టైమ్ క్యాప్సూల్ దాటి వచ్చిందంటే చేతిలో లైట్ బాల్ పట్టుకుని దిగుతుంది. ఎల్లోలో దాని అంకె 163, కొత్త ఆటలో 163 అంటే లైట్ బాల్. అలాగే ఎల్లో నుంచి వచ్చే కడాబ్రా చేతిలో వంకర చెంచా ఉంటుంది. ఆ ఆట తయారయ్యేటప్పుడే తర్వాతి ఆట కోసం వస్తువులు చేతిలో పెట్టి పంపారన్నమాట. నాకు ఈ చరిత్ర మొత్తంలో బాగా నచ్చిన ముక్క ఇదే.

తర్వాత 2002 నవంబరు 21న గేమ్ బాయ్ అడ్వాన్స్ మీద రూబీ, సఫైర్ వచ్చాయి. తీగ తెగింది ఇక్కడే. గోల్డ్, సిల్వర్‌లో మూడేళ్లు పెంచుకున్న టీమ్‌ని కొత్త ఆటలోకి తెచ్చుకునే దారి లేదు. "ఎందుకు తెంపారు, డబ్బు కోసమా?" అని చాలామంది తిట్టారు. డబ్బు సంగతి ఎలా ఉన్నా, పెద్ద కారణం లెక్కలోనే ఉంది. పాత తరంలో పుట్టుకతో వచ్చే బలం 0 నుంచి 15 దాకా. కొత్తదాంట్లో 0 నుంచి 31. పాతదాంట్లో ప్రాణబలానికి విడిగా అంకే లేదు, మిగతా నాలుగు అంకెల నుంచి లాగేవాళ్లు. రంగు మారిన అరుదైన జీవి అవునా కాదా అన్నది కూడా ఆ అంకెలే చెప్పేవి. కొత్తదాంట్లో ప్రతి జీవికీ 32 బిట్ల సొంత నంబరు ఇచ్చి, స్వభావం, రంగు దాన్నుంచి తీశారు. రెండో తరంలో 48 బైట్లున్న జీవి 100 బైట్ల జీవి అయింది. అందులో 48 బైట్లని నాలుగు ముక్కలు చేసి, 24 వరసల్లో ఏదో ఒక వరసలో కలిపి, తాళం వేసి దాచారు.

మన దగ్గర దీనికి సరిగ్గా సరిపోయే పోలిక ఉంది. అను ఫాంట్లో టైప్ చేసిన పాత తెలుగు ఫైలుని మామూలు ఫోన్లో తెరిస్తే ఏం కనిపిస్తుంది? పిచ్చి గీతలు. ఫైలు బానే ఉంది, అక్షరాలు ఎక్కడికీ పోలేదు, చదివే పద్ధతి మారిపోయింది అంతే. యూనికోడ్‌లోకి తేవాలంటే కాపీ చేస్తే కుదరదు, మార్చాలి. మార్చేవాడు లేకపోతే ఫైలు బతికి ఉన్నా లేనట్టే. రూబీ తయారుచేసినవాళ్లు ఆ మార్చే పని పెట్టుకోలేదు.

మూడో తరం నుంచి పైకి మాత్రం దారి వేశారు. దారి అయితే ఉంది కానీ ఒకవైపే, అదీ మెట్టుకో నియమంతో. 2006లో డైమండ్, పెర్ల్ వచ్చినప్పుడు నింటెండో డీఎస్‌కి కింద అడ్వాన్స్ కార్ట్రిడ్జ్ పెట్టే గాడి ఉండేది. అందులో పాత కార్ట్రిడ్జ్ పెట్టి పాల్ పార్క్ అనే చోటికి ఒకసారికి ఆరు జీవుల్ని పంపొచ్చు. పంపాక ఆ కార్ట్రిడ్జ్ నుంచి మళ్లీ పంపాలంటే 24 గంటలు ఆగాలి. కట్, సర్ఫ్ లాంటి దాడులు వచ్చినవాటిని తీసుకోదు, ముందు మరిపించి రావాలి. పంపినవి నేరుగా రావు కూడా. పార్కులో వదిలేస్తుంది, వాటిని మళ్లీ పట్టుకోవాలి. సొంత పిల్లని సంతలో వెతుక్కున్నట్టు ఉంటుంది. రెండేళ్లకే వచ్చిన డీఎస్ఐ మోడల్‌లో ఆ గాడి తీసేశారు. అంటే కొత్త మెషిన్ కొన్నవాడికి దారి మూసుకుపోయింది, పాతది ఉంచుకున్నవాడికి తెరిచి ఉంది.

2010లో బ్లాక్, వైట్ వచ్చాక ఇంకో మెట్టు. దానికి డీఎస్‌లు రెండు కావాలి. ఒకటే కొనడం కష్టమైన ఇంట్లో పిల్లలు రెండోది ఎవరినో అడుక్కోవాల్సిందే. 2013 చివర్లో త్రీడీఎస్‌కి పోకెమాన్ బ్యాంక్ అనే చందా సర్వీసు వచ్చింది, 2020లో పోకెమాన్ హోమ్ వచ్చింది. 2002లో రూబీలో పట్టిన జీవి ఈ మెట్లన్నీ ఎక్కి ఇవాళ్టి స్విచ్ మెషిన్ దాకా రావడం నిజంగా సాధ్యమే, చేసినవాళ్లు ఉన్నారు. కానీ ఎన్ని పెట్టెలు కావాలో లెక్కేసుకోండి.

మరి 1996 నాటి జీవుల సంగతేంటి? 2016 ఫిబ్రవరిలో, సరిగ్గా ఇరవై ఏళ్లకి, నింటెండో రెడ్, బ్లూ, ఎల్లో ఆటల్ని త్రీడీఎస్ మీద వర్చువల్ కన్సోల్ పేరుతో అమ్మింది. వర్చువల్ కన్సోల్ అంటే ఇంకేం కాదు, ఎమ్యులేటరే! మన ఫోన్లో నడిచేది చేసే పనే అదీ చేస్తుంది. 2017 జనవరిలో ఆ ఆటల నుంచి బ్యాంక్‌కి దారి తెరిచారు, తర్వాత గోల్డ్, సిల్వర్‌కి కూడా. తెగిన తీగ పదిహేనేళ్లకి అతికింది, అదీ ఎమ్యులేటర్ సాయంతో. కార్ట్రిడ్జ్‌లో చేయలేమన్న పనిని కంపెనీ ఎమ్యులేటర్‌తో చేసింది.

దాటేటప్పుడు ఏం మిగిలింది, ఏం పోయింది అన్నది చూడండి. పాత జీవికి స్వభావం అనేదే లేదు కదా. అందుకని దాని అనుభవ పాయింట్లని 25తో భాగించి, మిగిలిన శేషాన్ని బట్టి స్వభావం ఇచ్చేశారు. పుట్టుక బలాలు కొత్తగా వేశారు. పోరాడి సంపాదించిన బలం లెక్క సున్నా. పేరు, యజమాని పేరు, ఐడీ నంబరు, అనుభవం, నేర్చుకున్న దాడులు మిగిలాయి. అప్పుడు అది అదే జీవా, దాని పేరు పెట్టుకున్న ఇంకో జీవా? దీని మీద ఆడేవాళ్లు ఇప్పటికీ కొట్టుకుంటారు. నా లెక్కలో అదే జీవి. ఐడీ నంబరు దాటిందంటే ఎవరు పెంచారో ఆ సంగతి దాటింది. బలం మళ్లీ సంపాదించుకోవచ్చు.

ఇంకో మెలిక ఉంది. వర్చువల్ కన్సోల్‌లో ఆట మొదటి నుంచి కొత్తగా ఆడాలి. 1998లో పెట్టుకున్న కార్ట్రిడ్జ్‌లోని జీవిని అందులోకి తెచ్చే దారి కంపెనీ ఇవ్వలేదు. ఆ చివరి మెట్టు జనమే కట్టుకున్నారు. కంప్యూటర్‌కి తగిలించే కార్ట్రిడ్జ్ రీడర్‌తో ఆ 32 కిలోబైట్లని ఫైలుగా తీస్తారు, బ్యాటరీ చచ్చేలోపు. ఆ ఫైలుని ఎమ్యులేటర్‌లో తెరుస్తారు. తీగ పనిని కూడా ఎమ్యులేటర్ నకలు చేస్తుంది. టీజీబీ డ్యూయల్ అనే పాత ప్రోగ్రామ్ ఒకే స్క్రీన్ మీద రెండు గేమ్ బాయ్‌లు నడిపేది. ఇప్పుడు ఎంజీబీఏ రెండు కిటికీలు తెరిచి వాటిని కలుపుతుంది. మెలన్‌డీఎస్‌లో అడ్వాన్స్ కార్ట్రిడ్జ్ గాడి కూడా ఉంది కాబట్టి పాల్ పార్క్ నడుస్తుంది. తెగిన చోట్ల పీకేహెక్స్ అనే ప్రోగ్రామ్‌తో ఒక తరం లెక్కని ఇంకో తరం లెక్కలోకి మారుస్తారు. దానితో లేని జీవిని పుట్టించొచ్చు కూడా, అందుకే కొందరికి అదంటే పడదు. 2023 మార్చి 27న త్రీడీఎస్ దుకాణం మూసేశాక వర్చువల్ కన్సోల్ ఆటలు కొత్తగా కొనే వీల్లేదు. కాబట్టి ఇంతకుముందే కొనుక్కోనివాళ్లకి ఈ జనం దారే మిగిలింది.

చట్టం గురించి అడిగేవాళ్లకి: ఎమ్యులేటర్ రాయడం తప్పు కాదని అమెరికా కోర్టు 2000లో సోనీ, కనెక్టిక్స్ కేసులో చెప్పింది. ఆట ఫైలుని నెట్లోంచి దింపుకోవడం వేరే సంగతి, అది కాపీరైట్ కిందికి వస్తుంది.

ఇక మొదట్లో అడిగిన ప్రశ్న. ఎమ్యులేటర్‌లో సేవ్ అని రెండు రకాలు ఉంటాయి. "స్టేట్" అనేది ఆ క్షణంలో యాప్ తీసుకున్న ఫోటో లాంటిది, సాధారణంగా వేరే యాప్‌కి అర్థం కాదు. ఆట మెనూలోకి పోయి సేవ్ చేస్తే తయారయ్యే ఎస్‌ఏవీ ఫైలు మాత్రం అసలు కార్ట్రిడ్జ్ జ్ఞాపకానికి నకలు. తీసుకెళ్లాల్సింది అదే. కాబట్టి ఫోన్ మార్చేముందు ఆట లోపల సేవ్ చేసి, ఆ ఫైలుని బయటికి తీసి, కొత్త ఫోన్లో ఆట ఫైలుకి ఏ పేరు ఉందో దీనికీ అదే పేరు పెట్టండి. ఫైర్ రెడ్, ఎమరాల్డ్‌కి అది 128 కిలోబైట్లు ఉండాలి. ఆట తెరిచినప్పుడు "1ఎం సబ్ సర్క్యూట్ బోర్డు లేదు" అని ఇంగ్లిష్‌లో మెసేజ్ వస్తే భయపడకండి, ఫైలు పాడవలేదు. సెట్టింగ్స్‌లో సేవ్ రకం ఫ్లాష్ 64కే అని ఉంటుంది, దాన్ని 128కే చేయండి. డీఎస్ ఆటలైతే 512 కిలోబైట్లు. డెస్‌మ్యూమ్‌లో ఆడినవాళ్ల డీఎస్‌వీ ఫైలుకి చివర చిన్న తోక అదనంగా ఉంటుంది. ఆ యాప్‌లోనే ఎక్స్‌పోర్ట్ చేస్తే తోక లేకుండా వస్తుంది.

ఎవరికైనా ఎక్కడైనా ఆగిపోతే ఫైలు సైజు ఎంతుందో కింద రాయండి, చూసి చెప్తాను.