చిల్లులు పడ్డ ఆల్చిప్పలు

మాగాయ పెట్టే రోజుల్లో మా అమ్మమ్మ ముందు ఆల్చిప్పల డబ్బా దించేది. ఏటి ఇసుకలో ఏరుకొచ్చిన చిప్పని బోర్లా పట్టుకుని గరుకు రాతి మీద అరగదీస్తే మధ్యలో చిన్న చిల్లు పడుతుంది. ఆ చిల్లు అంచే పదును. పచ్చి మామిడికాయ మీద లాగితే చెక్కు సన్నటి పేలికల్లా లేచి వస్తుంది. అరుగు మీద వరసగా కూచున్న ఆడవాళ్లు, ఒళ్లో పళ్లేలు, గరగరమనే చప్పుడు. ఆ చిప్పలో ఒకప్పుడు ఒక ప్రాణి ఉండేదన్న ఆలోచన నాకెప్పుడూ రాలేదు. ఆల్చిప్ప అంటే చెక్కు తీసే పనిముట్టు, అంతే.

2022 వేసవిలో అయోవా రాష్ట్రంలో ఉంటున్న మా అమ్మాయి దగ్గరికి వెళ్లాను. ఒక ఆదివారం మిసిసిపి ఒడ్డునున్న మస్కటీన్ అనే ఊరు తీసికెళ్లింది. నీటి అంచున నడుస్తుంటే కాలికి ఒక ఆల్చిప్ప తగిలింది. తీసి చూస్తే దానికీ చిల్లులున్నాయి. ఒకటి కాదు, అయిదు. అరగదీసినవి కావు, యంత్రంతో గుండ్రంగా కోసినవి. చిప్ప పోగా మిగిలింది చిల్లులే అన్నట్టుంది.

"గుండీలమ్మా," అంది అమ్మాయి. "ఈ ఊళ్లో వీటితో చొక్కాల గుండీలు చేసేవాళ్లట."

ఆ ఊరి చరిత్ర ఎవరు చెప్పినా ఒక మగవాడితో మొదలవుతుంది. జాన్ బెప్లే, జర్మనీలో హాంబుర్గ్ పక్కనున్న ఒట్టెన్సెన్ నుంచి వచ్చిన గుండీల పనివాడు. 1890లో అమెరికా దిగుమతి సుంకాలు పెంచడంతో యూరప్ గుండీల ధర పెరిగింది. 1891లో బెప్లే మస్కటీన్‌లో గుండీల పని మొదలుపెట్టాడు. పదిహేనేళ్లు తిరక్కుండానే ఆ చిన్న ఊరు తనని తాను 'ప్రపంచ ముత్యపు గుండీల రాజధాని' అని పిలుచుకునే స్థాయికి చేరింది. 1905లో అక్కడ తయారైన గుండీలు దాదాపు 150 కోట్లని లెక్క. 1912లో ఆల్చిప్ప గీసుకుని కాలికైన గాయం ముదిరి బెప్లే చనిపోయాడు. ఈ సంగతి చెప్పకుండా ఎవరూ ఆ కథ ముగించరు. ఒక మగవాడి కాలి గాయం చరిత్రకెక్కింది. వేలమంది ఆడవాళ్ల వేళ్ల సంగతి?

ఆ పని ఎలా జరిగేదో చూడాలి. వరసగా కొక్కేలు వేలాడే ఇనప కడ్డీని పడవ మీంచి నది అడుగున ఈడ్చేవాళ్లు. నోరు తెరుచుకుని ఉన్న ఆల్చిప్ప కొక్కెం తగలగానే టక్కున మూసుకుంటుంది, అలాగే వేలాడుతూ పైకి వచ్చేస్తుంది. తనని కాపాడుకోవడానికి చేసే పనే దాన్ని పట్టిచ్చేది. ఒడ్డున గుడారాలు, పెద్ద పెద్ద తొట్లు. ఉడికించి, మాంసం తీసేసి, అందులో ముత్యమేదైనా ఉందేమోనని వేళ్లతో తడిమి చూడటం కుటుంబమంతా చేసే పని. ఫ్యాక్టరీలో చిప్పల్ని రోజుల తరబడి నీళ్లలో నానబెట్టి గుండ్రంగా కోసేది మగవాళ్లు. కోసిన బిళ్లలకి యంత్రాల మీద రూపమిచ్చి చిల్లులు వెయ్యడం, మెరుపుని బట్టి వేరు చెయ్యడం ఎక్కువగా ఆడవాళ్ల, చిన్నపిల్లల పని. వాళ్ల కూలి తక్కువ. ఆఖరిది అట్టల మీద గుండీలు కుట్టడం. ఆ పని ఇళ్లకొచ్చేది. వంటా పిల్లలూ అయ్యాక దీపం ముందు కూచుని కుట్టేవాళ్లు. మనకి బీడీలు, అప్పడాలు, అగరువత్తులు ఎలాగో అలాగ. ఇంట్లో చేసే పనికి హాజరు పట్టీ ఉండదు కదా, కాబట్టి పేర్లూ ఉండవు.

పేరు మిగిలిన ఒకామె ఉంది, పెర్ల్ మెక్‌గిల్. పెర్ల్ అంటే ముత్యమే. 1894లో పుట్టిన పల్లెటూరి పిల్ల. టీచరు చదువుకి డబ్బు కూడబెట్టుకోవాలని పదహారేళ్లకి గుండీల ఫ్యాక్టరీలో చేరింది. గ్రోసు అంటే పన్నెండు డజన్లు, 144. కానీ యజమానులు పధ్నాలుగు డజన్లు లెక్కపెట్టుకుని ఒక గ్రోసుకే కూలి కట్టేవారు. అంటే ప్రతి 144కీ 24 గుండీలు ఊరికే చేసిపెట్టాలి. కార్మికులు సంఘం పెట్టుకున్నారు. 1911 ఫిబ్రవరిలో యజమానులు ఫ్యాక్టరీలు మూసేసి వాళ్లని బయటికి నెట్టారు. ఆ పోరాటం ఏడాదికి పైగా సాగింది, గవర్నరు సైన్యాన్ని కూడా దింపాడు. పదిహేడేళ్లయినా నిండని పెర్ల్ ఊరూరా తిరిగి, సభల్లో మాట్లాడి, సమ్మె కోసం చందాలు పోగుచేసింది. 1912లో మసాచుసెట్స్‌లోని లారెన్స్ బట్టల మిల్లుల సమ్మెకీ వెళ్లింది. తర్వాత అనుకున్నట్టే టీచరైంది. 1924లో, విడిపోయిన భర్త ఆమెను చంపేశాడు. అప్పటికామెకి ముప్పై నిండలేదు. ఫ్యాక్టరీకీ సైన్యానికీ జంకని మనిషి ఎవరి చేతిలో పోయిందో రాస్తుంటే నా చెయ్యి కాసేపు ఆగింది.

ఇంత చెప్పినా ఆల్చిప్ప సంగతి చెప్పలేదు. నదిలో ఉండే ఆడ ఆల్చిప్ప తన గుడ్లని మొప్పల్లోనే పొదుగుతుంది. అందులోంచి వచ్చే పిల్లలు కంటికానని చిన్నవి. 1797లో రాత్కే అనే శాస్త్రవేత్త తల్లి మొప్పల్లో వాటిని చూసి, ఇవేవో పరాన్నజీవులనుకుని ఆ పేరే పెట్టేశాడు. తల్లి కడుపులో పిల్లల్ని చూసి జబ్బనుకున్నాడన్నమాట! అవి సొంత పిల్లలేనని శాస్త్రం ఒప్పుకోడానికి ఇంకో ముప్పై ఏళ్లు పైగా పట్టింది. ఆ పిల్లలు పెరగాలంటే కొన్ని వారాలు చేప మొప్పలకి అంటుకుని ఉండాలి. కొన్ని జాతుల తల్లి తన ఒంటి అంచునే చిన్న చేపలా ఆడిస్తుంది. పెద్ద చేప అది ఎర అనుకుని కరవగానే పిల్లల్ని దాని నోట్లోకి చిమ్ముతుంది. చాలా జాతులకి ఏ చేపైనా పనికిరాదు, ఫలానా చేపే కావాలి. కాబట్టి ఆ చేప రాని చోట ఆల్చిప్ప ఎంతకాలం బతికినా పిల్లలుండవు.

1913లో మస్కటీన్‌కి దిగువన, కియోకక్ దగ్గర మిసిసిపికి అడ్డంగా ఆనకట్ట పూర్తయింది. స్కిప్‌జాక్ హెర్రింగ్ అనే చేప ఎగువకి రావడం ఆగిపోయింది. ఆ చేప మీదే ఆధారపడ్డ ఎబొనీషెల్, గుండీల వాళ్లకి మహా ఇష్టమైన నల్ల చిప్ప, ఎగువ మిసిసిపిలో దాదాపు లేకుండా పోయింది. ఈలోగా చిప్పలు తరిగిపోతున్నాయని కంగారుపడి ప్రభుత్వం మస్కటీన్ పక్కనే ఫెయిర్‌పోర్ట్‌లో పరిశోధనా కేంద్రం పెట్టింది. చేపలకి ఆల్చిప్ప పిల్లల్ని అంటించి నదిలో వదిలేవారు. కాపాడాలనుకున్నది ఆల్చిప్పని కాదు, గుండీని. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత ప్లాస్టిక్ వచ్చి ఆ గుండీనీ తోసేసింది. అప్పుడైనా నదికి ఊపిరి ఆడిందా అంటే, మిసిసిపి చిప్పలు జపాన్‌కి బయల్దేరాయి. కల్చర్డ్ ముత్యం లోపల పెట్టే గుండ్రటి పూసని ఈ చిప్పలతోనే చేస్తారు. మనం మురిసిపోయి కొనుక్కునే దండలో జపాన్ ముత్యం ఉంటే, దాని నడుమ అమెరికా నది ముక్క ఉండొచ్చు.

ఇక అందరికీ తెలిసిన శత్రువు. 1988 జూన్ 1న అమెరికా, కెనడాల సరిహద్దులోని సెయింట్ క్లెయిర్ సరస్సులో విండ్సర్ విశ్వవిద్యాలయానికి చెందిన యువ పరిశోధకురాలు సోన్యా సాంటావీ అడుగు మట్టి తీసి చూస్తుంటే, రాయికి అతుక్కుని గోరంత చారల చిప్ప కనిపించింది. జీబ్రా మసెల్. నల్ల సముద్రం, కాస్పియన్ ప్రాంతాల ప్రాణి, ఓడల అడుగున నింపుకొచ్చే బరువు నీళ్లలో వచ్చింది. దీని పిల్లలకి చేప అక్కర్లేదు, నీళ్లలో తేలుతూ పోతాయి. ఒక్క ఆడది ఏడాదికి లక్షల గుడ్లు పెడుతుంది. 1990ల మొదట్లోనే షికాగో కాలువ గుండా ఇల్లినాయి నదికి, అక్కణ్ణించి మిసిసిపికి చేరింది. స్థానిక ఆల్చిప్పల వీపు మీద గుత్తులుగా అతుక్కుని, వాటి నోటి ముందు తిండి తనే తినేసి ఆకలితో చంపుతుంది. దీన్ని తక్కువ చేసి చెప్పను. నది అడుగున జరుగుతున్నది నిజంగా ఘోరమే.

కానీ ఆ రోజు ఒడ్డున హెచ్చరిక బోర్డు చదువుతూ మా అమ్మాయి నవ్వింది. బోర్డు మీద 'ఏలియన్' అని ఉంది. తన గ్రీన్‌కార్డు మీదున్న నంబరునీ అదే మాటతో పిలుస్తారట. జీబ్రా మసెల్‌ని మనుషులతో పోల్చడం నాకిష్టం లేదు, రెండూ ఒకటి కావు. నాకు అభ్యంతరమల్లా ఆ మాట దాచేదాని గురించి. 2023 అక్టోబర్‌లో అమెరికా ప్రభుత్వం ఇక లేవని ప్రకటించి రక్షిత జాబితా నుంచి తొలగించిన 21 జాతుల్లో ఎనిమిది మంచినీటి ఆల్చిప్పలు. ఆ ఎనిమిదీ ప్రాణంతో చివరిసారి కనిపించింది 1988 కన్నా ముందే, 1960ల నుంచి 1980ల మధ్య. అంటే చారల చిప్ప ఆ దేశంలో దొరకడానికి ముందే అవి కనుమరుగయ్యాయి. ఆనకట్టలు, పూడిక, మురుగు అంతకు ముందే ఆ పని చేశాయి. ఆ లిస్టుకి 'చొరబాటుదారు' అని పేరు పెట్టలేం.

'స్థానికం' అన్న మాటకూ లెక్క చూడాలి. మస్కటీన్ నిలబడ్డ నేలని 1832 ఒప్పందంతో సాక్, మెస్క్వాకీ జనాల నుంచి లాక్కున్నారు. దిగువన కహోకియాలో వెయ్యేళ్ల కిందటే ఆల్చిప్పల్ని కాల్చి పొడిచేసి బంకమట్టిలో కలిపి వంట కుండలు చేసేవాళ్లు. పొడి కలిపితే కుండ మంట మీద పగలదు. ఆ కుండలు చేసింది ఆడవాళ్లని పురాతత్వవేత్తల్లో చాలామంది అంటారు. అన్ని వందల ఏళ్లు వండుకు తిన్నా నది ఖాళీ కాలేదు, గుండీకి పాతికేళ్లు చాలాయి.

మనకీ ఈ కథ కొత్త కాదు. జీబ్రా మసెల్ కుటుంబానికే చెందిన, అమెరికా ఖండపు ఉష్ణ తీరాల నుంచి వచ్చిన ఒక చిప్ప 1967లోనే విశాఖపట్నం రేవులో కనిపించింది. ఓడల అడుగులకీ రేవు గోడలకీ అతుక్కునే రకం. దాని గురించి మత్స్యశాస్త్రంలో కాగితాలున్నాయి. అమ్మమ్మ చిప్పల గురించి లేవు.

చిల్లుల చిప్పని సంచిలో వేసుకుందామనుకున్నాను. చనిపోయిన చిప్పల మీద కూడా చట్టాలున్నాయి, వద్దమ్మా అంది అమ్మాయి. నీటి అంచున మళ్లీ పెట్టేశాను.

ఇంటికొచ్చాక అమ్మ కుట్టుపెట్టె తెరిచాను. అడుగున ఒక పాత అట్ట, దాని మీద ఆరు గుండీలుండాల్సిన చోట నాలుగే ఉన్నాయి. వేలితో తాకితే చల్లగా ఉన్నాయి, చిప్పవే. ఏ దేశానివో అట్ట మీద లేదు. తిప్పి చూశాను. వెనకాల తెల్లదారంతో వేసిన ముడులు, ఒక్కోటి ఒక్కో తీరుగా. ఒక ముడి దగ్గర దారం చాలక మళ్లీ అందుకున్నారు.