సురవరం రచనలు: చరిత్ర విడిచిన చోట కథ

షాద్‌నగర్‌లో నేను పాఠం చెప్పే తరగతిలో ఒకనాడు విద్యార్థులను సురవరం ప్రతాపరెడ్డిగారిని గూర్చి వ్యాసం వ్రాయమన్నాను. ఇంచుమించు అందరూ ఒకే సంగతి వ్రాశారు. తెలంగాణంలో కవులు లేరని ఎవరో అన్నారు. ఆయన 1934లో 'గోలకొండ కవుల సంచిక' వెలువరించి 354 మంది కవులను చూపించాడు. అన్నవారి నోరు మూతపడింది. ఇది సత్యమే. కాని ఒక మనిషి జీవితమంతా చేసిన కృషిని ఒక పందెం గెలిచిన కథగా కుదించుకుంటే, ఆ కృషిలో మనం చేపట్టవలసిన భాగం మనకు కనిపించకుండా పోతుంది.

నేటి జోగులాంబ గద్వాల జిల్లాలోని ఇటిక్యాలపాడు సురవరంవారి స్వగ్రామం. 1896లో జన్మించి 1953లో మరణించారు. న్యాయవాద పరీక్ష ప్యాసయినా, ఆయుష్షులో అధికభాగం పత్రికకూ పరిశోధనకూ ధారపోశారు. ఆయన వ్రాయని ప్రక్రియ అరుదు. 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర', 'హిందువుల పండుగలు', 'రామాయణ విశేషములు' ఒక వంక. 'మొగలాయి కథలు', 'శుద్ధాంత కాంత' నవల, 'భక్త తుకారాం' నాటకం మరొక వంక. సంపాదకీయాలకు లెక్కలేదు. ఇన్నిటినీ చూచి మన విమర్శకులు 'బహుముఖ ప్రజ్ఞ' అని ఒక మాట అని ఊరుకుంటారు. ఆ మాట ప్రశంసే గాని వివరణ కాదు. ఒకే మనిషి ఇన్ని పనులు ఎందుకు నెత్తిన వేసుకోవలసి వచ్చింది?

సమాధానం ఆనాటి హైదరాబాదు రాజ్య పరిస్థితులలో ఉంది. ప్రజలలో తెలుగు మాట్లాడేవారు అత్యధికులు. కచేరీలోనూ కళాశాలలోనూ పెత్తనం ఉర్దూది. 1921లో హైదరాబాదులో జరిగిన ఒక సభలో తెలుగులో మాట్లాడబోయిన వక్తను గేలిచేసి కూర్చోబెట్టారు. ఆ అవమానం నుండే ఆంధ్రజనసంఘం పుట్టింది. 1926 మే 10న 'గోలకొండ పత్రిక' వెలువడింది. 1930లో జోగిపేటలో జరిగిన మొదటి ఆంధ్రమహాసభకు సురవరంవారు అధ్యక్షులు. మరుసటి యేడు దేవరకొండ సభకు మా షాద్‌నగర్ ప్రక్కనున్న బూర్గుల గ్రామానికి చెందిన రామకృష్ణారావుగారు అధ్యక్షులు. తెలుగుకు విశ్వవిద్యాలయం లేదు, పరిశోధన సంస్థలకు రాజాదరణ లేదు, సభ పెట్టుకోవాలంటే సర్కారు అనుమతి కావాలి. ఇటువంటి చోట విద్యావంతుడైన మధ్యతరగతి మనిషి తానే పత్రిక కావాలి, తానే గ్రంథాలయం కావాలి, తానే చరిత్రశాఖ కావాలి. సురవరంవారి వైవిధ్యానికి మూలం వ్యక్తి ప్రతిభ మాత్రమే కాదు. అది ఆ సమాజపు లేమి నుండి పుట్టిన అవసరం.

ఆ అవసరం ఫలించిన గ్రంథం 1949లో వెలువడిన 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర'. తూర్పుచాళుక్యుల కాలంతో మొదలై 1907తో ముగుస్తుంది. రాజుల వంశావళులనూ దండయాత్రలనూ చరిత్రగా చదువుకొన్న తరానికి ఈ పుస్తకం జనం ఏమి తిన్నారు, ఏమి కట్టారు, ఏ ఆటలాడారు, ఏ పన్నులు కట్టారు అన్న ప్రశ్నలు నేర్పింది. ఆధారాలకు ఆయన వెళ్లిన చోటు మరింత విశేషం. అలంకారికులు రసం వెదికిన కావ్యాలలో ఆయన పూటకూళ్ల ఇంటి ధర వెదికాడు. 'క్రీడాభిరామము'లో ఓరుగల్లు వీధులనూ, 'సింహాసన ద్వాత్రింశిక'లో నాటి నమ్మకాలనూ ఆటపాటలనూ, 'హంసవింశతి', 'శుకసప్తతి' కావ్యాలలో వృత్తులవారి బ్రతుకులనూ పట్టుకున్నాడు. పండితులు శృంగారకావ్యాలని ప్రక్కకు నెట్టిన పుస్తకాలు ఆయన చేతిలో సాక్షులై నిలబడ్డాయి. 1955లో తెలుగుకు మొట్టమొదటి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి ఈ గ్రంథానికే వచ్చింది. అప్పటికి గ్రంథకర్త లేడు.

ఈ పుస్తకంలోని కొన్ని భాగాలు నేను తరగతిలో చదివి వినిపించాను. అంతా విని కేశంపేట వైపు నుండి వచ్చే ఒక విద్యార్థి అడిగాడు: "సార్, గీ పుస్తకంల మా తాతసుంటోళ్లు యాడున్నరు?" అతని తాత మోటలకు తోలు తొండాలు కుట్టిన మనిషి. దొర బావికి కుట్టినదానికి కూలి అడిగే ఆచారం ఆ రోజులలో లేదు. నేను వెంటనే సమాధానం చెప్పలేకపోయాను. ఉన్నారు, కాని కవి చూచినంత మేరకే ఉన్నారు. కవి కూర్చున్నది అరుగు మీద. మాదిగవాడ ఊరి చివర. కావ్యాన్ని సాక్షిగా పిలిచినప్పుడు కావ్యం వ్రాసినవాడి కులమూ, వాడిని పోషించిన వాడి ధనమూ కూడా బోను ఎక్కుతాయి. ఆ సాక్షిని సురవరంవారు ప్రశ్నించవలసినంత ప్రశ్నించలేదని నా అభిప్రాయం. ఏమి తిన్నారన్న ప్రశ్న ఉన్నంత బలంగా, ఎవరు పండిస్తే ఎవరు తిన్నారన్న ప్రశ్న ఆ గ్రంథంలో లేదు.

ఐతే ఆ ప్రశ్న సురవరంవారికి తెలియనిది కాదు. అది చరిత్రలో గాక కథలలో తేలింది. 'సంఘాల పంతులు' కథలో గ్రామాధికారుల దౌర్జన్యమూ వెట్టీ కనిపిస్తాయి. 'గ్యారా కద్దూ బారా కొత్వాల్' అన్న కథకు పేరే చాలు: కాయలు పదకొండు, కాజేసే కొత్వాళ్లు పన్నెండుగురు! ఒక పాలనాయంత్రపు స్వభావాన్ని ఇంత క్లుప్తంగా చెప్పడం ఎంత పెద్ద వ్యాసానికైనా కష్టం. తన కళ్లెదుటి దోపిడికి ప్రాచీన కావ్యాలలో ప్రమాణం దొరకదు. కథకు ఆ ప్రమాణాలతో పనిలేదు. అందుచేత చరిత్రకారుడు ఆగిన చోట కథకుడు నడిచాడు. ఈ రెండింటినీ వేర్వేరు పాఠాలుగా చెప్పే మన పాఠ్యప్రణాళికలు ఆయనను రెండు ముక్కలు చేస్తున్నాయి.

కథలోని మనిషిని రాజకీయంలోనూ చివరి దాకా ఆయన అనుసరించారా అంటే, లేదనే చెప్పాలి. 1944 భువనగిరి మహాసభ నాటికి ఆంధ్రమహాసభ రైతుకూలీల సంఘంగా మారింది; రెండేళ్లకు సాయుధపోరాటం వచ్చింది. సురవరంవారు ఆ దారిన రాలేదు. 1952లో వనపర్తి నుండి కాంగ్రెసు పక్షాన శాసనసభకు వెళ్లారు. ఆ యేడే బూర్గులవారు ముఖ్యమంత్రి అయ్యారు. భాషకోసం మొదలైన ఉద్యమం భూమి ప్రశ్న దగ్గర రెండుగా చీలింది. ఈ మాట చెప్పినందువల్ల ఆయన గౌరవం తగ్గదు. దాచిపెడితే మన చదువు తగ్గుతుంది.

ఇప్పుడు మా షాద్‌నగర్ చుట్టూ చేలు ప్లాట్లవుతున్నాయి. మోట పోయింది, తొండం పోయింది, ఆ పేర్లు తెలిసిన ముసలివారు ఒక్కొక్కరే పోతున్నారు. ఆ విద్యార్థికి నేను ఆలస్యంగా ఇచ్చిన సమాధానం ఇది: మీ తాతను గురించి ఏ కావ్యమూ సాక్ష్యం చెప్పదు, నీవే మీ నాయనమ్మను అడిగి వ్రాయాలి. అతడు ఒక నోటుపుస్తకం కొన్నాడు. తొండం కుట్టే పనిలో ఒక్కొక్క భాగానికి ఉన్న పేరూ, ఆ పనికి దక్కినదేమిటో, దక్కనిదేమిటో అందులో వ్రాసుకు వస్తున్నాడు. 1907 దగ్గర ఆగిన పుస్తకానికి తరువాయి అధ్యాయాలు ఇటువంటి నోటుపుస్తకాలలోనే ఉన్నాయి.